ఏరు కింద, ఊరు మీద

మా ఊరి పక్కన ఒక గుట్ట ఉంది. వానలు వెనకబట్టి గాలి శుభ్రపడ్డ రోజుల్లో దాని మీదికెక్కి దక్షిణం దిక్కు చూస్తే దూరంగా కృష్ణ కనబడుతుంది. శ్రీశైలం డ్యాం వెనక నిలిచిన నీళ్ళు అవి. చిన్నప్పుడు మేకల్ని గుట్ట మీద వదిలేసి ఆ మెరుపును చూస్తూ కూర్చునేవాళ్ళం. పొద్దుగూకే వేళకు దిగొచ్చి బోరింగు దగ్గర బిందెల వరసలో నిలబడేవాళ్ళం. పొద్దంతా కళ్ళ ముందు అంత నీళ్ళు, రాత్రికి ఇంట్లో రెండు బిందెలు. అందులో వింతేమీ ఉన్నట్టు అప్పట్లో అనిపించలేదు.

మొన్న హైదరాబాద్‌లో ఆఫీసు భోజనాల దగ్గర ఒక స్నేహితుడు అడిగాడు. కృష్ణా డెల్టా మనిషి, మంచివాడు, ఎత్తిపొడుపు లేకుండా నిజంగా తెలుసుకుందామనే అడిగాడు. "మ్యాపులో చూస్తే కృష్ణ తెలంగాణలోకి వచ్చేదే మీ పాలమూరు నుంచి. భీమ మీ దగ్గరే కలుస్తుంది, తుంగభద్ర మీ దగ్గరే కలుస్తుంది. మరి మీకు కరువేంటి బ్రదర్?" నాకు వెంటనే జవాబు రాలేదు. ఏదో రెండు ముక్కలు చెప్పి లేచి చెయ్యి కడుక్కున్నాను. ఆ రోజంతా మనసులో అదే మెదిలింది. ఎందుకంటే ఈ ప్రశ్నకు మా అవ్వ ఎప్పుడో జవాబు చెప్పింది. పదేళ్ళ వయసులో నేనూ గుట్ట దిగొచ్చి ఇదే ప్రశ్న ఆమెను అడిగాను. రాగులు చెరుగుతూ చాట ఆపకుండానే అన్నది: "ఏరు కిందున్నది, మనం మీదున్నం బిడ్డా. అది మనకాడికి రాదు. మనమే దానికాడికి పోవాలె."

బడికి పోని అవ్వ ఆ ఒక్క ముక్కలో చెప్పిన భూగోళం, నేను చదివిన ఏ పాఠంలోనూ లేదు. పటాలన్నీ నదిని పక్కన చూపిస్తాయి. ఎంత కింద ఉందో చూపించవు. మా జిల్లా చరిత్రను ఎవరైనా అర్థం చేసుకోవాలంటే నది ఎంత దూరంలో ఉందని కాదు, ఎంత లోతులో ఉందని అడగాలి. ఈ వ్యాసంలో నేను చెప్పదలుచుకున్నది అదే. ఆ తర్వాత ఇంకో మాట కూడా చెప్పాలి. ఆ లోతు ఒక్కటే మమ్మల్ని ఎండబెట్టలేదు, రాష్ట్రాల గీతలు కూడా ఎండబెట్టాయి.

ముందు లోతు సంగతి. జూరాల డ్యాం నిండా నిండితే నీటిమట్టం 318.5 మీటర్లు. శ్రీశైలం నిండితే 885 అడుగులు, అంటే 270 మీటర్ల లోపు. మహబూబ్‌నగర్ పట్టణం, అంటే మా పాలమూరు, సముద్రమట్టానికి దాదాపు 500 మీటర్ల ఎత్తున ఉంది. శ్రీశైలం నీళ్ళు పాలమూరు బస్టాండుకు చేరాలంటే 230 మీటర్లు పైకెక్కాలి. పదంతస్తుల మేడలు ఏడు ఒకదాని మీద ఒకటి పేర్చినా ఆ ఎత్తు అందదు. మా స్నేహితుడి డెల్టాలో సంగతి దీనికి పూర్తిగా తలకిందులు. అక్కడ నది ఒండ్రు తెచ్చి తెచ్చి తన గట్లను తానే ఎత్తు చేసుకుంది, పొలాలు పల్లంలో ఉన్నాయి. విజయవాడ దగ్గర 1855లో ఆనకట్ట పూర్తయ్యాక తలుపు తెరిస్తే చాలు, నీళ్ళు వాటంతటవే నడిచాయి. అదే కృష్ణ. అక్కడ గట్టు మీద నడుస్తుంది, మా దగ్గర గోతిలో నడుస్తుంది.

కృష్ణ మా నేల మీదికి వచ్చేది తంగిడి దగ్గర. ఇప్పుడది నారాయణపేట జిల్లా. మహారాష్ట్ర నుంచి 800 కిలోమీటర్లకు పైగా నడిచొచ్చిన భీమ అక్కడే కృష్ణలో పడుతుంది. అక్కడి నుంచి ఏరు బండల మధ్య, లంకల మధ్య చీలి చీలి సాగుతుంది. దత్తాత్రేయ భక్తులు పుట్టెక్కి వెళ్ళే కురువపురం అలాంటి లంకే. గద్వాల వైపు గుర్రంగడ్డ కూడా లంకే, అది ఏకంగా ఒక ఊరు. చుట్టూ కృష్ణే ఉన్న ఊళ్ళో వానాకాలంలో పురిటి నొప్పులొస్తే పుట్టి తప్ప దారిలేని కాలం చాలా ఏళ్ళు నడిచింది. ఆ తర్వాత జూరాల. దాని కింద బీచుపల్లి, హైవే మీద పోయే ప్రతి బస్సూ ఆంజనేయుడికి దండం పెట్టుకునే చోటు. ఇంకా కిందికి పోతే తుంగభద్ర వచ్చి కలుస్తుంది. కృష్ణకూ తుంగభద్రకూ మధ్య ఇరుక్కున్న గద్వాల, ఆలంపూర్ నేలను నడిగడ్డ అంటారు. అచ్చమైన తెలుగు మాట, ఎంత సరిగ్గా కుదిరిందో. సోమశిల దాటాక ఏరు నల్లమల కొండల్లోకి దూరి కనబడకుండా పోతుంది. మళ్ళీ వెలుగులోకి వచ్చేది నల్లగొండ జిల్లా నందికొండ దగ్గర, నాగార్జునసాగర్‌లో.

అంటే మా ఉమ్మడి జిల్లాకు పడమటి నుంచి దక్షిణం మీదుగా తూర్పు దాకా దాదాపు ఈ నదులే సరిహద్దు. మూడు దిక్కులా నీళ్ళు, నడుమ ఎత్తైన చెల్క. ఆరువందల మిల్లీమీటర్ల చుట్టూ తిరిగే వాన, అదీ ఒక ఏడు వస్తే రెండేళ్ళు మొహం చాటేసే వాన. ఆ నేల మీద పండేవి జొన్న, ఆముదం, కంది, పల్లి.

పాతకాలపు వాళ్ళు ఈ ఎత్తుతో తగువు పెట్టుకోలేదు. ఏరు దొరకదని తెలుసు, అందుకే వానను పట్టుకున్నారు. గద్వాల, వనపర్తి, జటప్రోలు, ఆత్మకూరు, గోపాల్‌పేట సంస్థానాల ఊళ్ళు తిరిగితే కోటల కంటే చెరువులే ఎక్కువ కనబడతాయి. గొలుసుకట్టు చెరువులు. మీది చెరువు అలుగు దుంకితే కింది చెరువు నిండుతుంది, అది దుంకితే దాని కిందిది. చెరువు నీళ్ళను మడులకు పంచే మా ఊరి నీరటిని నేను చూశాను. చలికాలం పొద్దున్నే నడుముకు పంచె బిగించి తూము గూట్లోకి దిగేవాడు. గాలి బిగబట్టి మునిగి లోపల కట్టెబిరడాను చేత్తో కొంచెం కదిపేవాడు, పైకి తేలి ఇంకొంచెం, మళ్ళీ మునిగి ఇంకొంచెం. బయట కాలవలో నీళ్ళు ఎంత లావు వస్తున్నాయో గట్టు మీదున్న వాళ్ళు అరిచి చెప్పేవాళ్ళు. ఎవరి మడికి ఎన్ని గడియలో ఆయన నోట్లోనే ఉండేది. కాగితం లేదు. కల్లంలో వడ్లు కొలిచేటప్పుడు ఆయన వంతు ఆయనకు ముందే తీసి పెట్టేవాళ్ళు. ఆ చెరువు మా చిన్నతనంలోనే మూడేళ్ళకోసారి నిండే స్థితికొచ్చింది. తర్వాత ఆయన కొడుకు బొంబాయి పోయాడు.

చెరువుల తెలివి పెద్ద పనుల్లోకి కూడా వచ్చింది. కొత్తకోట దగ్గర సరళాసాగర్ చూడనివాళ్ళు ఒకసారి వెళ్ళి చూడండి. వనపర్తి రాజా రామేశ్వరరావు తన తల్లి పేరు మీద మొదలుపెట్టించింది. 1949లో పునాది పడి 1959లో పూర్తయింది. దానికి ఎత్తాల్సిన గేట్లు లేవు, సైఫన్లున్నాయి. నీళ్ళు ఒక మట్టం దాటగానే వంపు గొట్టాల్లోని గాలి బయటకు పోయి, నీళ్ళే నీళ్ళను లాక్కుని హోరుమని బయట పడతాయి. మట్టం తగ్గగానే గాలి చొరబడి, ధార తనంతట తానే తెగిపోతుంది. అర్ధరాత్రి వరదొచ్చినా కాపలా మనిషి లేచి ఏ చక్రమూ తిప్పక్కర్లేదు. నేను డిగ్రీలో ఉండగా ఒకసారి అది పొంగడం చూశాను. మొదట ఏమీ లేదు, గోడకు తడి తప్ప. తర్వాత లోపల ఏదో గుటకలు వేసినట్టు చప్పుడు. ఆ తర్వాత ఒక్కసారిగా తెల్లటి గోడ కిందికి దూకింది. పక్కన నిలబడ్డ ముసలాయన చెప్పులు విడిచి దండం పెట్టాడు. అలాంటి కట్టకు 2019 డిసెంబర్ 31న గండి పడి నీళ్ళన్నీ పోయాయి. మరుసటి ఏడే మళ్ళీ కట్టారు, అది నిజం. కానీ ఆ రోజు టీవీలో ఆ గండిని చూసి నేను కన్నీళ్ళు పెట్టుకున్నాను. మరమ్మతు అనే మాటకు మన దగ్గర ఇంత తక్కువ విలువెందుకో నాకు అర్థం కాదు.

ఇక గీతల సంగతి.

ఎత్తైన నేలకు నీళ్ళు పారించడానికి రెండే దారులు. ఒకటి, మోటారు పెట్టి కింది నుంచి పైకి తోడడం. రెండోది, నది ఇంకా ఎత్తులో ఉన్న చోట, ఎగువనే, కాలవ తవ్వి నదికంటే నెమ్మదిగా కిందికి దించుకుంటూ రావడం. రెండోదానికి కరెంటు అక్కర్లేదు, నేల వాలే అన్నీ చూసుకుంటుంది. కృష్ణ మా దగ్గరికి వచ్చేసరికి కిందికి దిగిపోయింది కానీ ఎగువన అంత కిందేమీ లేదు. కర్ణాటకలో నారాయణపూర్ డ్యాం పూర్తి మట్టం 492 మీటర్లు, ఆల్మట్టిది 519.6. ఇందాక చెప్పిన మహబూబ్‌నగర్ ఎత్తు పక్కన ఈ అంకెలు పెట్టి చూడండి. నారాయణపూర్ మట్టం దాదాపు మా జిల్లా కేంద్రం ఎత్తులోనే ఉంది. అక్కడి నుంచి తవ్వుకొచ్చే కాలవ పాలమూరు పట్టణాన్ని ముట్టకపోయినా, పడమటి తాలూకాల్లో ఎన్ని ఊళ్ళను ముట్టేదో నేలను చూసిన ఎవరికైనా తెలుస్తుంది.

1956 దాకా ఆ ఎగువలో చాలా భాగం కూడా మనదే. గుల్బర్గా, రాయచూరు, మహబూబ్‌నగర్ మూడూ హైదరాబాద్ రాష్ట్రంలోనివే. ఎగువ కృష్ణ మీద ఆ రాష్ట్రం వేసుకున్న ఆలోచనల్లో పాలమూరు నేల కూడా ఉండింది. 1956 నవంబర్ 1న భాషల లెక్కన రాష్ట్రాలు మారాయి. కన్నడ జిల్లాలు అటు, తెలుగు జిల్లాలు ఇటు. మనుషుల మాట ప్రకారం అది న్యాయమే, నేనేమీ కాదనను. కానీ నీళ్ళకు భాష లేదు, వాలు మాత్రమే ఉంది. కాలవ తల ఒక రాష్ట్రంలో, తోక ఇంకో రాష్ట్రంలో పడ్డాయి. తల ఉన్నవాళ్ళు తోకను తడపాలన్న అక్కర ఎవరికుంటుంది? ఇటు తెలుగు రాష్ట్రంలో చేరిన మాకు పైన అడగడానికి హక్కు పోయింది. కొత్త రాష్ట్రంలో పెద్దల చూపు కింది డ్యాముల మీద ఉండింది.

ఇదంతా తెలంగాణవాళ్ళ ఏడుపు అనుకునేవాళ్ళకు ఒక సాక్ష్యం చెప్తాను. కృష్ణా జలాల తగాదా తీర్చడానికి 1969లో వేసిన బచావత్ ట్రిబ్యునల్ మూడు రాష్ట్రాలకు నీళ్ళు పంచింది: మహారాష్ట్రకు 560 టీఎంసీలు, కర్ణాటకకు 700, ఆంధ్రప్రదేశ్‌కు 800. టీఎంసీ అంటే వంద కోట్ల ఘనపుటడుగుల నీళ్ళు. ఆ పంపకంలో జూరాలకని 17.84 టీఎంసీలు విడిగా కేటాయించింది. ఎందుకో కూడా రాసింది. హైదరాబాద్ రాష్ట్రం విడిపోకుండా ఉండి ఉంటే మహబూబ్‌నగర్ జిల్లా ప్రజలకు సాగునీరు దొరికే అవకాశాలు మెరుగ్గా ఉండేవి అన్నది దాని మాటల సారం. మూడు రాష్ట్రాల లాయర్ల మధ్య కూర్చున్న న్యాయమూర్తులకు కనబడ్డ విషయం ఇది. అయినా జూరాలకు పునాదిరాయి 1981లో పడింది, పని పూర్తయ్యేసరికి 1990ల మధ్యకొచ్చింది. అదీ కేవలం లక్ష ఎకరాల చిల్లరకు.

రాజోలిబండ చూస్తే ఈ గీత ఎలా కోస్తుందో ఇంకా బాగా తెలుస్తుంది. రాజోలిబండ డైవర్షన్ స్కీమ్, అందరూ ఆర్డీఎస్ అంటారు. తుంగభద్ర మీద ఆనకట్ట రాయచూరు జిల్లాలో. కాలవ పొడవు 143 కిలోమీటర్లు, అందులో మొదటి 42 కిలోమీటర్లు కర్ణాటకలో. హైదరాబాద్ రాష్ట్రంలో మొదలైనప్పుడు అది ఒకే ఇంటి వ్యవహారం. ఇల్లు విడిపోయాక పెరట్లోని బావి ఒకరికి, దాని నీళ్ళ మీద ఆధారపడ్డ మడి ఇంకొకరికి పోయింది. బచావత్ లెక్కలో ఈ కాలవ నుంచి మా వంతు 15.9 టీఎంసీలు. దాని కింద మా వైపు 87,500 ఎకరాలు తడవాలి. తడవలేదు. ఆలంపూర్ చివరి ఊళ్ళ రైతులు కాలవలో నీళ్ళకంటే తుమ్మచెట్లనే ఎక్కువ చూశారు. పూడిక తీయాలంటే అటువైపు ఒప్పుకోవాలి, ఆనకట్ట ఎత్తు సరిచేయాలంటే అవతలి గట్టు రాష్ట్రం ఒప్పుకోవాలి. చివరికి ఏమైందంటే, 2018లో తుమ్మిళ్ళ దగ్గర మోటార్లు పెట్టి తుంగభద్ర నీళ్ళను ఎత్తి ఆర్డీఎస్ కాలవ చివరి భాగంలో పోయడం మొదలుపెట్టారు.

ఇక్కడ ఒక్క నిమిషం ఆగాలి. నేల వాలుతో, పైసా కరెంటు లేకుండా రావాల్సిన నీళ్ళు అవి. అదే నదిలో, ఇంకా కింద, మోటారు పెట్టి తోడి, అదే కాలవలో పోస్తున్నాం. రైతుకు నీళ్ళొచ్చాయి, సంతోషమే. కానీ ఆ కరెంటు బిల్లు ఎవరి తప్పుకు కడుతున్నాం? ఎత్తిపోతల పథకాలు దండగ, పాలమూరుకు ఇంత ఖర్చా అని పేపర్లో రాసేవాళ్ళు ఈ ప్రశ్నకు ముందు జవాబు చెప్పాలి. ఆ ఖర్చు మాకు పెడుతున్న దానం కాదు. 1956లో గీసిన గీతకు కడుతున్న వడ్డీ అది.

నల్లగొండ వాళ్ళదీ ఇదే కథ, కాకపోతే ఇంకా చేదు. సాగర్ ఎడమ కాలవ కింద మిర్యాలగూడ, హుజూర్‌నగర్ పల్లంలో ఉన్నాయి, పచ్చబడ్డాయి. దేవరకొండ, మునుగోడు, మర్రిగూడ మిట్టన ఉన్నాయి, ఎండిపోయాయి. నది అందనివాళ్ళు బోరు లోతుకు పోయారు. అక్కడి నల్లరాళ్ళ సందుల్లోని నీళ్ళలో ఫ్లోరైడ్ ఉంది. కాళ్ళు వంకర్లు పోయిన పిల్లల ఫొటోలు దేశమంతా చూసింది. నీళ్ళలో పటిక, సున్నం కలిపి ఫ్లోరైడ్ తీసే పద్ధతిని నాగపూర్ శాస్త్రవేత్తలు కనిపెడితే దానికి పెట్టిన పేరు 'నల్లగొండ టెక్నిక్'. ఒక జిల్లా పేరు ప్రపంచంలో ఇలా తెలియడం ఎంత బాధాకరం. ఆ మిట్టలకు కరెంటు లేకుండా, వాలుతోనే నీళ్ళు పంపాలని శ్రీశైలం నుంచి నల్లమల కింద 44 కిలోమీటర్ల దాకా సొరంగం తలపెట్టారు. 2025 ఫిబ్రవరి 22న దోమలపెంట వైపు ఆ సొరంగం కూలింది. ఎనిమిది మంది లోపల చిక్కుకుపోయారు. జార్ఖండ్, ఉత్తరప్రదేశ్, పంజాబ్, జమ్మూకశ్మీర్ నుంచి పనికొచ్చినవాళ్ళు.

ఆ వార్త చదువుతుంటే నాకు మా తాత గుర్తొచ్చాడు.

తాత గుంపులో పోయేవాడు. పాలమూరులో ఈ మాట అందరికీ తెలుసు. గుంపు మేస్త్రీ ఊళ్ళోకొచ్చి అడ్వాన్సు ఇస్తాడు, అప్పుడు చేతికొచ్చే పైసలు పెండ్లికో వైద్యానికో అయిపోతాయి, ఆ పైసలు తీరేదాకా మనిషి మేస్త్రీ చెప్పిన చోట ఉండాలి. ఆనకట్టలు, కాలవలు, రోడ్లు. దేశంలో ఎక్కడ మట్టి తవ్వినా 'పాలమూరు లేబర్' అనే మాట వినబడేది. మా తాత సాగర్ పనికి పోయాడు. 1955 డిసెంబర్ 10న నెహ్రూ పునాదిరాయి వేసిన నాగార్జునసాగర్ ప్రధాన కట్ట అంతా రాతి కట్టడం, 124 మీటర్ల ఎత్తు, మనుషుల తలల మీద తట్టలతో పైకెక్కింది. మా అవ్వ కూడా రెండేళ్ళు తాతతో ఉంది. మా పెద్దనాయన అక్కడి గుడిసెలోనే పుట్టాడు. వాళ్ళు కట్టిన డ్యాం నీళ్ళు వాళ్ళ ఊరికి రావని వాళ్ళకు ముందే తెలుసు. తాత దాని మీద ఎప్పుడూ కోపం పెట్టుకోలేదు. "మనం ఎత్తిన రాయి ఇంకా ఉన్నది" అనేవాడు, అంతే. కోపం నాకే.

కింది డ్యాములు మాకు నీళ్ళివ్వకపోగా, శ్రీశైలం భూమిని తీసుకుంది. 1981లో నీళ్ళు నిలపడంతో కర్నూలు, మహబూబ్‌నగర్ జిల్లాల్లో వంద ఊళ్ళ దాకా మునిగాయి. మునిగిందేమిటి? నది అంచు పల్లం. అంటే ఈ ఎత్తైన జిల్లాలో నీళ్ళకు అందే నేల ఏ కొంచెం ఉందో, సరిగ్గా అదే. ఆ ఒండ్రులో నదమ్మటి పొగాకు, మిరప, కూరగాయలు బోరు లేకుండా పండేవి. మా అమ్మ పుట్టిల్లు అలాంటి ఊళ్ళోనే. ఆమెకు 1980లో పెళ్ళై మా మిట్ట ఊరికి వచ్చింది. మరుసటి ఏడు ఊరు ఖాళీ చేయించారు. మా అమ్మమ్మ వాళ్ళకు ఎకరాకు దక్కిన పరిహారం ఒక జత ఎద్దులకు కూడా రాలేదని మా మేనమామ చెప్తాడు. ఇంటికో ఉద్యోగమని 1986లో జీవో 98 వచ్చింది. మా మేనమామ ఆ కాగితాల కట్టను రేకు పెట్టెలో దాచుకుని ఇరవయ్యేళ్ళు ఒక ఆఫీసు చుట్టూ తిరిగాడు. వయసు దాటిపోయిందని చెప్పి పంపించారు.

గుళ్ళను మాత్రం కాపాడారు. తుంగభద్ర కృష్ణలో కలిసేచోట ఉన్న కూడలి సంగమేశ్వరాలయాన్ని రాయి రాయి విప్పి, ప్రతి రాయికీ నంబరేసి, ఆలంపూర్‌కు తెచ్చి మళ్ళీ నిలబెట్టారు. జటప్రోలు గుళ్ళనూ అలాగే తరలించారు. ఆలంపూర్‌లో బాదామి చాళుక్యుల నవబ్రహ్మాలయాలు పదమూడు వందల ఏళ్ళ నాటివి, వాటిలోకి నీళ్ళు రాకుండా కట్ట కట్టారు. అది చాలా గొప్ప పని, ఆ పని చేసినవాళ్ళకు నేను మొక్కుతాను. సంగమేశ్వరాలయం ముందు నిలబడినప్పుడల్లా ఆ నంబర్లు వేసిన చేతులు మనుషుల ఇళ్ళ గడపలకు కూడా వేసి ఉంటే ఎంత బాగుండు అనిపిస్తుంది.

ఇప్పటి సంగతి కూడా చెప్పాలి, లేకపోతే అబద్ధమాడినట్టవుతుంది. పాలమూరు ఇప్పుడు పాత పాలమూరు కాదు. జూరాల నుంచి భీమా, నెట్టెంపాడు, కోయిల్‌సాగర్ లిఫ్టులు, శ్రీశైలం వెనక నీళ్ళ నుంచి కల్వకుర్తి లిఫ్టు వచ్చాయి. కల్వకుర్తి నీళ్ళు మూడు మెట్లెక్కుతాయి, ఎల్లూరు, జొన్నలబొగుడ, గుడిపల్లిగట్టు. ఒక్కో పంపు 30 మెగావాట్లు. మా నాయన బోరు మోటారు 5 హార్స్‌పవర్. లెక్కేస్తే ఎల్లూరులో తిరిగే ఒక్క పంపు మా బోర్లు ఎనిమిది వేలతో సమానం. మా ఊరి చెరువులోకి కాలవ నీళ్ళు మొదటిసారి వచ్చింది 2017లో. అప్పటి నుంచి మా వాడకట్టున బొంబాయి బస్సెక్కే ఇళ్ళు తగ్గాయి. పీర్ల పండక్కి మాత్రమే తెరుచుకునే తలుపులు ఇప్పుడు రోజూ తెరిచే ఉంటున్నాయి. వరి ఎక్కువైంది, అది నాకు నచ్చదు. ఇంత ఎత్తెక్కి వచ్చిన నీళ్ళతో వరి మడి నింపడం మనసుకు కష్టంగా ఉంటుంది. పల్లి, కందికి వాడితే ఇంకో రెండూళ్ళు తడుస్తాయి. కానీ నలభై ఏళ్ళు అన్నం కొనుక్కుని తిన్న ఇంట్లో "వరి వేయొద్దు" అని నేను హైదరాబాద్ నుంచి ఫోన్ చేసి చెప్పలేను.

మోటారు మీద ఆధారపడ్డ బతుకు ఎంత సన్నదో 2020 అక్టోబరులో తెలిసింది. ఎల్లూరు పంపుహౌస్ నీట మునిగింది. ఆ యాసంగిలో మా నాయన రోజూ పొద్దున చెరువు మెట్ల మీద ఎన్ని మెట్లు బయటపడ్డాయో లెక్కపెట్టి వచ్చేవాడు. వాలుతో వచ్చే కాలవకు ఈ టెన్షన్ లేదు. పాలమూరు-రంగారెడ్డి పథకం 2015లో శంకుస్థాపన చేసుకుని, 2023 సెప్టెంబరులో మొదటి మోటారు తిప్పుకుంది, రైతు చేలోకి ఇంకా రావాల్సే ఉంది. 2023 అక్టోబరులో కృష్ణ నీళ్ళను తెలంగాణ, ఆంధ్రల మధ్య తేల్చే పని బ్రిజేష్‌కుమార్ ట్రిబ్యునల్‌కు ఇచ్చారు. అక్కడ టీఎంసీలు పంచుతారు. నా కోరిక ఒక్కటే, ఆ పంపకంలో ఎత్తును కూడా లెక్కలోకి తీసుకోవాలి. ఒకే టీఎంసీ డెల్టాలో ఒక ఖరీదు, మా మిట్టన ఇంకో ఖరీదు. ఆర్డీఎస్‌లో వాలుతో రావాల్సిన నీళ్ళు వాలుతోనే రావాలి. చెరువుల గొలుసు తెగకుండా కాయాలి, ఎందుకంటే ఎత్తి పోసిన ప్రతి చుక్కా చివరికి నిలబడేది వాటిలోనే.

2016లో మా జిల్లాను నాలుగు ముక్కలు చేశారు, 2019లో నారాయణపేటతో అయిదయ్యాయి. ఆరో నిజాం మహబూబ్ అలీఖాన్ పేరు మీద 1890లో వచ్చిన పేరు ఇప్పుడు ఒక ముక్కకే మిగిలింది. ఆఫీసులు దగ్గరయ్యాయి, మంచిదే. కానీ గద్వాల పిల్లవాడు జూరాల గురించి, నాగర్‌కర్నూల్ పిల్లవాడు ఎల్లూరు గురించి, నారాయణపేట పిల్లవాడు తంగిడి గురించి విడివిడిగా చదువుతాడేమోనని నా భయం. ఇది ఒకే నేల, ఒకే ఏరు, ఒకే ఎత్తు.

పోయిన మే నెలలో శ్రీశైలం బాగా తగ్గిందని విని అమ్మ తన ఊరు చూస్తానంది. కారు పోయినంత దూరం పోయి, మిగతాది నడిచాం. ఎండిన ఒండ్రు పెంకుల్లా పగిలి ఉంది. నాకు అన్నీ ఒకేలా కనబడ్డాయి, రాళ్ళు, మొండి గోడలు, గవ్వలు. అమ్మ మాత్రం దారి అడక్కుండా నడిచింది. ఇది కమ్మరి కొలిమి, ఇది బాయి, ఇది మా చిన్నాయన ఇల్లు అంటూ పోయి ఒక గడప రాయి దగ్గర ఆగింది. పక్కనే రోలు, సగం మట్టిలో. చీర కొంగుతో దాని నోరు తుడిచింది. లోపల పొత్రం తిరిగి తిరిగి నున్నగైన గుంత అలాగే ఉంది. ఇంటికి తీసుకుపోదామని నేనూ డ్రైవరూ కదిపి చూశాం, కదల్లేదు.

ఆగస్టులో వరదొచ్చింది. ఎల్లూరు పంపులు తిరిగాయని నాయన ఫోన్ చేశాడు. ఆ వారం నేను ఊరికి పోయాను. పొద్దున్నే కాలవ నిండుగా వస్తోంది, ఎర్రగా, గడ్డిపోచలతో. అమ్మ గట్టు దిగి, రెండు చేతులా నీళ్ళు పట్టి మొహం కడుక్కుంది.

"మా ఊరి నీళ్ళే గదా నాయినా ఇవి" అన్నది. మళ్ళీ వంగి బిందె ముంచుకుంది.